సాఫ్ట్‌వేర్ చేసేది వర్గీకరణేనా?

ప్రశ్న పెట్టిన సభ్యురాలు:
అందరికీ నమస్కారం. బాక్టీరియా జీనోమ్ (దాని మొత్తం డీఎన్‌ఏ) చేతికొస్తే అది ఏ జీవిదో కంప్యూటర్‌తో ఎలా తేలుస్తారనే విషయం మీద డిగ్రీ పిల్లలకు తెలుగులో పాఠం రాస్తున్నాను. జీటీడీబీ-టీకే, క్రాకెన్ లాంటి సాఫ్ట్‌వేర్లను ఇంగ్లీషులో క్లాసిఫయర్లు అంటారు. ‘వర్గీకరణ సాధనం’ అనేయొచ్చు గానీ మనసొప్పడం లేదు. పైగా మన పాఠ్యపుస్తకాల్లో ఫైలమ్‌కి, అంటే జీవుల్ని విడదీసే పెద్ద గుంపుకి, ‘వర్గం’ అని ఉంది. వర్గీకరణ అంటే ఫైలమ్ చెప్పి ఆగిపోవడం అని పిల్లలు అనుకోరూ?

ఒక సభ్యుడు:
పేపరు చదివేవాళ్లకి వర్గీకరణ అనగానే ఎస్సీ వర్గీకరణే గుర్తొస్తుంది మేడమ్. అక్కడా గ్రూపులు చేయడమే వర్గీకరణ. కాగితాలు చూసి ‘మీరు ఫలానా గ్రూపులోకి వస్తారు’ అని రాసిచ్చే గుమాస్తా వర్గీకరణ చేశాడని ఎవరూ అనరు కదా.

జీనోమ్ ల్యాబ్‌లో పనిచేసే సభ్యుడు:
గుమాస్తా పోలిక బాగుందండీ, అసలు చిక్కు అక్కడే ఉంది. మా పనిలో ఇవి మూడు వేరే పనులు. జీవుల్ని గుంపులుగా విడదీయడం ఒకటి, ఆ గుంపులకు పేర్లు పెట్టడం ఇంకొకటి, కొత్తగా వచ్చినదాన్ని చూసి అది ఏ గుంపుదో చెప్పడం మూడోది. మేడమ్ చెప్పిన సాఫ్ట్‌వేర్లు ముఖ్యంగా మూడో పని చేస్తాయి.

జీటీడీబీ-టీకే సంగతే చూడండి. మీరిచ్చిన జీనోమ్‌లో ముందు జన్యువులను వెతుకుతుంది. బాక్టీరియా అయితే దాదాపు అన్నిటిలోనూ ఉండే 120 ప్రోటీన్లను, ఆర్కియా (బాక్టీరియాలాగే కనిపించే వేరే శాఖ సూక్ష్మజీవులు) అయితే 53 ప్రోటీన్లను ఏరుకుంటుంది. వాటి వరుసలను బట్టి, ముందే కట్టిపెట్టిన వంశవృక్షంలో మీ జీనోమ్ ఏ కొమ్మ దగ్గర ఇముడుతుందో చూస్తుంది. అక్కడికి ప్రజాతి (జీనస్) దాకా తేలుతుంది. జాతి (స్పీషీస్) తేలాలంటే ఆ దగ్గర్లో ఒక్కో జాతికీ ప్రతినిధిగా పెట్టిన జీనోమ్‌లతో డీఎన్‌ఏ అక్షరాలు పోల్చాలి. సాధారణంగా 95 శాతం, ఆపైన కలిస్తే ఒకే జాతి. ఈ 95 గాల్లోంచి ఊడిపడలేదు. రెండు బాక్టీరియాల డీఎన్‌ఏను కలిపి 70 శాతం అతుక్కుంటే ఒకే జాతి అనే పాత ప్రయోగశాల కొలతకు ఇది దగ్గరగా సరిపోయింది.

క్రాకెన్ దారి వేరు. అది జీనోమ్‌ను అలా వృక్షంలో ఇమిడ్చి చూడదు. డీఎన్‌ఏ ముక్కల్ని ఇంకా చిన్న ముక్కలు చేసి (క్రాకెన్ 2లో మామూలుగా 35 అక్షరాలవి) తన డేటాబేస్ పట్టికలో వెతుకుతుంది. ఒకే ముక్క పది జాతుల్లో కనిపిస్తే, ఆ పదింటికీ ఉమ్మడి పూర్వీకుడి పేరు రాసుకుంటుంది. చాలా వేగం. కానీ ఆ జీవి డేటాబేస్‌లో లేకపోతే చుట్టాల పేరు చెప్పే ప్రమాదం ఉంది.

మరి వర్గీకరణ ఎవరు చేశారు? జీటీడీబీ-టీకే వాడుకునే జీటీడీబీ అనే డేటాబేస్‌ను ఆస్ట్రేలియాలోని క్వీన్స్‌లాండ్ యూనివర్సిటీ వాళ్లు కట్టారు. 2018లో వచ్చింది. ఏ గుంపును ప్రజాతి అనాలి, దేన్ని కుటుంబం అనాలి అని పరిణామ దూరం కొలిచి వాళ్లు గీతలు గీశారు. అసలు వర్గీకరణ అది. సాఫ్ట్‌వేర్ ఆ గీతల్ని చదువుతుంది, అంతే. అందుకే రక్త విరేచనాలు తెచ్చే షిగెల్లా జీనోమ్ ఇస్తే జీటీడీబీ-టీకే ‘ఎషెరీషియా’ అంటుంది. అమెరికా ప్రభుత్వ జన్యు సమాచార కేంద్రం ఎన్‌సీబీఐ పేర్ల పట్టికలో మాత్రం షిగెల్లా ఇంకా షిగెల్లాయే. జీనోమ్ లెక్కన షిగెల్లాకీ ఎషెరీషియా కోలైకీ (ఇ.కోలై) మధ్య వేరే జాతి అనేంత దూరం లేదు. డాక్టర్లకు ఆ పేరుతో పని ఉంది కాబట్టి నిలిచింది.

ఇంకొకటి. 2020లో లాక్టోబాసిల్లస్ అనే బాక్టీరియా ప్రజాతిలో ఉన్న జాతులన్నిటినీ 25 ప్రజాతుల్లోకి సర్దారు. అందులోని ప్లాంటారమ్ అనే జాతికి ప్రజాతి పేరు ఇప్పుడు లాక్టిప్లాంటిబాసిల్లస్ అయింది. దాన్ని నిస్సందేహంగా వర్గీకరణ అనండి, పునర్వర్గీకరణ అనండి. సాఫ్ట్‌వేర్‌కి ఆ గౌరవం ఇవ్వొద్దు.

రిటైర్డ్ లెక్చరర్ ఒకరు:
బాబూ, అంతా బాగుంది గానీ ఆ సాఫ్ట్‌వేర్‌లో కమాండ్ పేరే ‘క్లాసిఫై’. పిల్లాడు తెర మీద ఒక మాట, పాఠంలో ఇంకో మాట చూస్తే తికమక పడడా? నా ఓటు వర్గీకరణకే. ఫైలమ్ గొడవంటారా, పట్టికలో ‘వర్గం’ అనకుండా ఫైలమ్ అనే రాసేయమ్మా. దానికంటే జాగ్రత్త పడాల్సింది ప్రజాతి దగ్గర. మన పుస్తకాల్లో ప్రజాతి అంటే జీనస్, జాతి అంటే స్పీషీస్. హిందీలో ప్రజాతి అంటే స్పీషీస్. హిందీ నుంచి అనువాదమై వచ్చే వార్తల్లో ఇది తారుమారవుతోంది.

జీనోమ్ ల్యాబ్ సభ్యుడు:
ప్రజాతి విషయంలో మీతో ఏకీభవిస్తాను మాస్టారూ. వర్గీకరణ దగ్గర మాత్రం ఒప్పుకోలేను. కమాండ్ పేరుని కమాండ్ పేరుగానే వదిలేద్దాం. వాక్యంలో ‘ఈ జీనోమ్ ఫలానా ప్రజాతికి చెందుతుందని సాఫ్ట్‌వేర్ తేల్చింది’ అంటే చాలు. చెందడం, తేల్చడం రెండూ మన మాటలే. నామవాచకం కావాలంటే రోగ నిర్ధారణ ఉంది కదా, అలాగే ‘స్థాన నిర్ధారణ’ అనొచ్చు. జాతి నిర్ధారణ అనకండి. చాలాసార్లు ప్రజాతి దగ్గరే ఆగిపోతుంది, జాతి గడిలో ‘ఎస్’ అక్షరం, రెండు అడ్డగీతలు, ఆ తర్వాత ఖాళీ.

ప్రశ్న పెట్టిన సభ్యురాలు:
స్థాన నిర్ధారణ నచ్చిందండీ. పాఠం మొదట్లో ‘దీన్నే క్లాసిఫికేషన్ అంటారు’ అని ఒక మాట రాస్తే మాస్టారి బాధా తీరుతుంది. మరి క్రాకెన్ ఫలితాల్లో ‘యూ’ అని వచ్చే అన్‌క్లాసిఫైడ్‌కి? అవర్గీకృతం అననా?

జీనోమ్ ల్యాబ్ సభ్యుడు:
వద్దండీ. అవర్గీకృతం అంటే సైన్స్‌కే తెలియని జీవి అనుకుంటారు. ఆ జీవికి వందేళ్ల క్రితమే పేరు పెట్టి ఉండొచ్చు, మీరు వాడిన డేటాబేస్ చిన్నదై ఉండొచ్చు. ‘పోలిక దొరకలేదు’ అనండి.

ఒక సభ్యుడు:
జీటీడీబీలో లాటిన్ పేరు లేని జాతులకు ‘ఎస్‌పీ’ అని పెట్టి పక్కన తొమ్మిది అంకెలుంటాయి చూడండి, వాటినేమంటారు? తాత్కాలిక నామం అందామా?

రిటైర్డ్ లెక్చరర్:
నంబరు పేరు అను నాయనా. తాత్కాలికం అంటే ఎప్పుడు మారుస్తారని పిల్లలు అడుగుతారు.