ఉద్ధరిణెడు అంటే ఎంత?

ప్రశ్న:
అందరికీ నమస్కారం. మా నాయనమ్మగారి చేతిరాత పుస్తకం ఒకటి టైపు చేస్తున్నాను. పచ్చళ్ళు, పొడులు, ఇంటి వైద్యం అన్నీ అందులోనే రాసుకున్నారు. "వాము కషాయం ఉద్ధరిణెడు", "మిల్లిగరిటెడు నెయ్యి", "నూనె గిద్దెడు" ఇలా ఉన్నాయి కొలతలు. గిద్ద సంగతి తెలుసు. ఉద్ధరిణి అంటే పూజలో వాడేదేనా? "ఒక టీస్పూను" అని మార్చేస్తే తప్పా? మా పిల్లలు చదువుకోవాలి కదా అని అడుగుతున్నాను.

జవాబు:
పూజలో వాడేదేనండీ. పంచపాత్రలో నీళ్ళు పోసి పెడతామే, అందులో ఉండే పొడుగు కాడ చిన్న గరిటె. రాగిది, ఇత్తడిది, కలిగినవాళ్ళింట్లో వెండిది. కాడ చివర పాము పడగో, నందో ఉంటుంది. ఉద్ధరించడం అంటే పైకి తీయడం. ఇదీ నీటిని పైకి తీస్తుంది కాబట్టి ఆ పేరు. "వీడేదో ఉద్ధరిస్తాడనుకున్నా" అని మనం విసుక్కునే మాటా, ఈ చిన్న చెంచా పేరూ ఒక్క చోట పుట్టినవే. ఉద్ధరిణి, ఉద్ధరిణె రెండూ రాస్తారు. ఇంట్లో పలికేది ఎక్కువగా ఉద్ధరిణె అనే.

పంచపాత్ర మాట కూడా విచిత్రమే. పేరులో ఐదు, పీట మీద ఒకటి. అర్ఘ్యానికి, పాద్యానికి, ఆచమనానికి, స్నానానికి, శుద్ధోదకానికి విడివిడిగా ఐదు పాత్రలు పెట్టే పద్ధతి కొన్ని గుళ్ళలో ఇప్పటికీ ఉంది. ఇళ్ళలో ఆ ఐదూ పోయి ఒక గ్లాసు మిగిలింది, పేరు మాత్రం మారలేదు.

ఇక ఉద్ధరిణెడు అంటే దాని గుంటలో పట్టినంత. గట్టిగా చూస్తే కొన్నిటిలో మన టీస్పూనులో సగమే పడుతుంది, కొన్నిటిలో టీస్పూనుకి సరిసమానం. ఎందుకంటే అది కొలత కోసం చేసిన వస్తువు కాదు. ఆచమనానికి నీళ్ళు అరచేతి గుంటలో మినపగింజ మునిగేటంత ఉండాలని శాస్త్రం చెబుతుంది. అంటే అసలు కొలత చేతిలో ఉంది, ఉద్ధరిణెలో లేదు. కేశవ, నారాయణ, మాధవ అని మూడుసార్లు పుచ్చుకునే ఆ కాసిని నీళ్ళు అందించడమే దాని పని. అందుకే ఏ కంచరి చేతిలో ఎలా వస్తే అలా ఉంటుంది.

మీరు మారుస్తానన్న టీస్పూను గురించి మాత్రం నాకు అభ్యంతరం ఉంది. కానీ ముందు మిగతావాళ్ళు ఏమంటారో చూద్దాం.

చెన్నైలో ఉంటున్న సభ్యురాలు:
మా పక్కింటి తమిళులు పంచపాత్రం, ఉత్తరణి అంటారు. తమిళ లిపిలో ద్ధకి వేరే అక్షరం లేదు కాబట్టి అలా రాస్తారు, వస్తువు అదే. కన్నడంలో ఉద్ధరణె. మరాఠీవాళ్ళు మాత్రం పూర్తిగా వేరే మాట, పళీ అంటారు. హిందీలో ఆచమని. దక్షిణాదిన అందరం "పైకి తీసేది" అన్నాం, హిందీవాళ్ళు "ఆచమనం చేయించేది" అన్నారు.

మా అమ్మమ్మ మందు కొలతకే కాదు, వెక్కిరింపుకీ వాడేది. ఎవరైనా కాఫీ తక్కువ పోస్తే "ఇదేమిటే, ఉద్ధరిణెడు పోశావు, ఆచమనానికా?" అనేది. నెయ్యి పిసినారితనంగా వడ్డిస్తే "తీర్థంలా పోస్తోంది" అనేది.

జవాబు:
మంచి ప్రయోగం గుర్తు చేశారు. తీర్థంలా పోయడం ఇప్పటికీ వింటాం, ఉద్ధరిణెడు కాఫీ దాదాపు పోయింది. గుళ్ళో పూజారిగారు చేతిలో పోసేది ఉద్ధరిణెడే అయినా, తీసుకునేవాళ్ళకి ఆ చెంచా పేరుతో పని లేదు. "తీర్థం పుచ్చుకున్నాం" అంటారు, అంతే. పాత్ర పేరు మరుగున పడి, పోసే తీరు మిగిలింది.

మిల్లిగరిటె గురించి కూడా చెప్పేస్తాను. నెయ్యి వడ్డించడానికి నేతిగిన్నెలో ఉండే చిన్న గరిటె అది. భోజనానికి ముందు విస్తట్లో అభిఘారం చేసేది, అంటే కాస్త నెయ్యి చిలకరించేది, దానితోనే. హోమంలో నెయ్యి వేసే స్రువం వేరు, అది చెక్కది. నాయనమ్మగారు ఒకే పుస్తకంలో ఉద్ధరిణెడు అనీ మిల్లిగరిటెడు అనీ విడివిడిగా రాశారంటే ఊరికే రాయలేదు. మందు ఎప్పుడూ నీటి చెంచాతో, నెయ్యి ఎప్పుడూ నేతి గరిటెతో. రెండిటినీ "టీస్పూను" చేస్తే ఆ తేడా పోతుంది.

మందుల షాపు నడిపే సభ్యుడు:
నా వైపు నుంచి ఒక హెచ్చరిక, తర్వాత కొంచెం చరిత్ర. హెచ్చరిక: ఆ పుస్తకంలోది ఏదైనా పసిపిల్లలకి ఇవ్వాలనుకుంటే డాక్టర్ని అడగకుండా ఇవ్వకండి. ఇంటి చెంచాలతో సిరప్పు కొలవకండి. సీసాతో వచ్చే మూతకో సిరంజికో గీతలుంటాయి, వాటితోనే కొలవాలి.

చరిత్ర ఏమిటంటే, టీస్పూను కూడా పుట్టినప్పటి నుంచీ 5 మిల్లీలీటర్లు కాదు. బ్రిటిష్ వైద్యంలో చాలాకాలం చెంచాడు అంటే ఒక డ్రాము, అంటే ఇప్పటి లెక్కలో మూడున్నర మిల్లీలీటర్ల పైచిలుకు. ఎనిమిది డ్రాములు ఒక ఔన్సు. మన కాంపౌండర్లు ఆ ఔన్సు గ్లాసుతోనే మిక్చరు కలిపేవాళ్ళు. సీసా పక్కన మెట్లు మెట్లుగా కత్తిరించిన కాగితం ముక్క అంటించేవాళ్ళు, ఒక్కో మెట్టు ఒక్కో డోసు. మా షాపుకొచ్చే పెద్దవాళ్ళలో ఇంకా "రెండు మెట్లు తాగాను" అనేవాళ్ళున్నారు. తర్వాత 5 మిల్లీలీటర్లు అని ఖాయం చేశారు. టేబుల్ స్పూను మనకి 15, ఆస్ట్రేలియాలో 20. కాబట్టి ఉద్ధరిణెడు ఒక్కటే లెక్క లేని కొలత అనుకోవద్దు.

వరంగల్ వైపు సభ్యుడు:
మా దిక్కు గరిటె అనే మాట తక్కువ, గంటె అంటాం. పప్పు గంటె, అన్నం గంటె. చిన్నదైతే చెంచ. చిన్నప్పుడు వేమన పద్యం "గంగిగోవు పాలు గంటెడైనను చాలు" అనే చదివాను. హైదరాబాద్ వచ్చాక ఎవరో "గరిటెడైనను" అని సరిదిద్దారు. నేను చదివింది తప్పా?

జవాబు:
తప్పెలా అవుతుందండీ! ఇది తేల్చుకోవాల్సిన విషయమే. పద్యం మొత్తం పెడుతున్నాను:

గంగిగోవు పాలు గరిటెడైనను చాలు
కడివెడైన నేమి ఖరము పాలు
భక్తి కలుగు కూడు పట్టెడైనను చాలు
విశ్వదాభిరామ వినుర వేమ

ఆటవెలది. మొదటి పాదంలో మూడు సూర్యగణాలు, రెండు ఇంద్రగణాలు రావాలి. గంగి, గోవు, పాలు మూడూ సూర్యగణాలు. నాలుగో గణం దగ్గరే మన పంచాయితీ. "గరిటెడై" అంటే మూడు లఘువులు, ఒక గురువు, అది నగము. "గంటెడై" అంటే గురువు, లఘువు, గురువు, అది ర గణం. రెండూ ఇంద్రగణాలే. తర్వాతి "ననుచాలు" ఎలాగూ సలము. యతి మొదటి "గం"కి నాలుగో గణం మొదటి అక్షరంతో పడాలి. గ అయినా గం అయినా పడుతుంది. అంటే ఛందస్సు రెండిటినీ ఒప్పుకుంటోంది. నోటి మీద, తాటాకుల మీద బతికిన పద్యం కాబట్టి గంటె అనే ఊళ్ళో గంటెడుగా, గరిటె అనే ఊళ్ళో గరిటెడుగా సాగింది. బ్రౌన్ 1829లో వేమన పద్యాలు అచ్చు వేసేనాటికే ఒక్కో పద్యానికి ఎన్నో పాఠాంతరాలుండేవి. మిమ్మల్ని సరిదిద్దినవారికి ఈ లెక్క చూపించండి.

నాకు ఈ పద్యంలో ఇంకో సంగతి బాగుంటుంది. గరిటెడు, కడివెడు, పట్టెడు: మూడు పాదాల్లో మూడు కొలతలు, మూడిటికీ చివర అదే ఎడు. పట్టెడు అంటే చేత్తో పట్టినంత, పట్టెడన్నం అంటామే అది. గరిటె ఒకరు వడ్డించేది, కడవ మోసేది, పట్టు తినేవాడి చేతిది. కొలత మాట చెప్పగానే ఎవరి చేతిలో ఏముందో కూడా తెలిసిపోతుంది. మీరు టీస్పూను అంటే నేను ఒప్పుకోనిది ఇందుకే.

ఈ ఎడు ఇంకా చావలేదు. గిద్దెడు, సోలెడు, మానెడు, కుంచెడు పాతవి. నాలుగు గిద్దలు సోల, రెండు సోలలు తవ్వ, రెండు తవ్వలు మానిక అనే లెక్క (జిల్లా మారితే ఇదీ మారేది) 1956 చట్టంతో, ఆ తర్వాత లీటర్లు తప్పనిసరి కావడంతో బజారు నుంచి వెళ్ళిపోయింది. కానీ ప్రత్యయం కొత్త పాత్రలు వెతుక్కుంది. గ్లాసుడు నీళ్ళు, కప్పుడు టీ, బకెట్టుడు బట్టలు, స్పూనుడు పంచదార అంటున్నాం కదా. గుప్పెడు, చిటికెడు, పుడిసెడు, దోసెడు లాంటివైతే చేతులున్నంత కాలం ఉంటాయి. పుట్టెడు దుఃఖం అనేవాళ్ళలో చాలామంది పుట్టి అనే కొలతని కంటితో చూసి ఉండరు, దుఃఖం మాత్రం పుట్టెడే.

వ్యాకరణం మీద ఆసక్తి ఉన్న సభ్యుడు:
ఒక చిన్న మాట. గరిటెడులో "ఒక" ఇమిడే ఉంది. కాబట్టి "ఒక గరిటెడు" అనడం పునరుక్తి. రెండైతే ఎడు ఊడిపోయి "రెండు గరిటెలు" అవుతుంది. నాయనమ్మగారి పుస్తకంలో రెండు వచ్చిన చోట ఎలా రాశారో చూడండి.

ప్రశ్న అడిగినవారు:
చూశాను. "ఉద్ధరిణెడు" అని ఒక చోట, "రెండు ఉద్ధరిణెలు" అని ఇంకో చోట ఉంది. మీరన్నట్టే.

చెన్నైలో ఉంటున్న సభ్యురాలు:
మరి "రెండు గుప్పెళ్ళు బియ్యం" అంటామే? అక్కడ ఎడు పోలేదు కదా. "అరచెంచాడు ఉప్పు" అని కూడా అంటాం. సగానికి ఒకటి ఎలా ఇమిడింది?

జవాబు:
ఆయన చెప్పింది చాలావరకు నిజం, మీరడిగింది మిగిలినదాంట్లో పడుతుంది. చేతి కొలతల్లో గుప్పిలి, గుప్పెడు కలగలిసిపోయాయి. గుప్పిళ్ళు అన్నా గుప్పెళ్ళు అన్నా వినేవాళ్ళకి ఒకటే. గుప్పెడు అనే మాట "గుప్పిట్లో పట్టినంత" అనే అర్థం దాటి, తనే ఒక కొలత పేరుగా నిలబడింది. అలా నిలబడ్డాక బహువచనం తీసుకుంటుంది. గరిటెడు, ఉద్ధరిణెడు ఇంకా పాత్రని వదల్లేదు, అందుకే రెండు కాగానే మళ్ళీ పాత్ర దగ్గరికే వెళ్ళిపోతాయి. అరచెంచాడులో అర అనేది చెంచాకి తగులుతుంది, సగం చెంచా పట్టేంత అని. "ఒక గరిటెడు" అనడం మరీ తప్పని నేను అనను, వంటింట్లో అందరూ అంటారు. రాసేటప్పుడు ఒక అక్కర్లేదు, అంతే.

ఇంకో ప్రయోగం మీ పుస్తకంలో తగలొచ్చు: ఉద్ధరిణెడేసి, గిద్దెడేసి. తలా ఒక్కొక్కటి అని అర్థం. "పూటకి ఉద్ధరిణెడేసి" అంటే ఒక్కో పూటకి ఒక్కోటి, మొత్తం రోజుకి ఒకటి కాదు. ఇది మందుల దగ్గర జాగ్రత్తగా చదవాలి. చేరెడేసి కళ్ళు అన్నప్పుడూ ఈ ఏసే, ఒక్కో కన్నూ చేరెడని.

ప్రశ్న అడిగినవారు:
ఉంది! "పూటకు ఉద్ధరిణెడేసి మూడు దినములు" అని. నేను దాన్ని ఉద్ధరిణెడు వేసి అని చదివి, ఎందులో వేయాలో అర్థం కాక వదిలేశాను. సరే, టీస్పూను ఆలోచన మానేశాను. మరి పిల్లలకి ఎలా తెలుస్తుంది?

జవాబు:
పుస్తకం మాట పుస్తకంలో అలాగే ఉంచండి. ముందు ఒక పేజీ కొలతల కోసం కేటాయించండి. నాయనమ్మగారి పంచపాత్ర, నేతిగిన్నె ఇంట్లో ఇంకా ఉంటే మందు సిరంజితో నీళ్ళు పోసి ఎన్ని మిల్లీలీటర్లు పడుతున్నాయో చూసి, "మా ఇంటి ఉద్ధరిణె ఇంత, మిల్లిగరిటె ఇంత" అని రాయండి. ఆవిడ రాసింది మీ ఇంటి పాత్రలని బట్టే కాబట్టి, ఏ నిఘంటువు చెప్పే లెక్కకన్నా అదే సరైనది. ఆ పాత్రలు లేకపోతే "పూజలో వాడే చిన్న గరిటెడు" అని అర్థం రాసి ఊరుకోండి, అంకె వేయకండి. కషాయాల పేజీల కింద మాత్రం, ఇవి పాత ఇంటి పద్ధతులని, వాడే ముందు వైద్యుణ్ణి అడగమని ఒక వాక్యం పెట్టండి.

ప్రశ్న అడిగినవారు:
పంచపాత్ర మా బాబాయి గారింట్లో ఉంది, తెప్పిస్తాను. పులిహోర పేజీలో "పెద్ద ఉసిరికాయంత చింతపండు" అని ఉంది. దీనికీ సిరంజి ఉందా?

వరంగల్ వైపు సభ్యుడు:
దానికి వేరే పోస్టు పెట్టండి. మా ఇంట్లో నిమ్మకాయంత అంటారు, ఈ గొడవ రేపటికి తెగదు.