నటనా, కెమెరా ఒక్కరే చేయడం: నార్వేలో ఎలా కుదిరింది?

కోడంబాక్కం అసిస్టెంట్:
సాలిగ్రామంలో ఉంటాను, కెమెరా అసిస్టెంట్‌ని. మా ఫ్రెండ్ తీసే షార్ట్ ఫిల్మ్‌లో హీరో వేషం నాదేనట, కెమెరా కూడా నాదేనట. డబ్బుల్లేవు మరి! నార్వే సినిమాల్లో ఇలా రెండు పనులూ చేసినవాళ్లు ఉన్నారని విన్నాను. వాళ్లకెలా కుదిరింది? ఎవరైనా చెప్తారా అన్నలూ?

ఫోకస్ బాబాయ్:
తమ్ముడూ, అక్కడ మొదట్లో పరిశ్రమే చిన్నది. 1913 చట్టంతో హాళ్లకు లైసెన్సు ఇచ్చే హక్కు మునిసిపాలిటీలకు వెళ్లింది. చాలా ఊళ్లలో హాళ్లను అవే నడిపాయి. టికెట్ డబ్బు ఊరి ఖర్చులకు పోయేది, కొత్త సినిమాలకు పెద్దగా మిగిలేది కాదు. తీసేవాళ్లు కొద్దిమంది, పనులేమో బోలెడు. 1920లో ‘ఫాంతె-ఆన్నె’ తీసిన రాస్ముస్ బ్రైస్టైన్ కూడా నాటకాల నుంచి వచ్చినవాడే.

నాకు నచ్చింది మాత్రం ‘కాన్-టికి’ డాక్యుమెంటరీ. 1947లో బల్సా దుంగల తెప్ప మీద ఆరుగురు పెరూ నుంచి 101 రోజులు పసిఫిక్‌లో ప్రయాణించారు. ఐదుగురు నార్వేవాళ్లు, ఒకాయన స్వీడన్. ఆ ప్రయాణాన్ని వాళ్లే సినిమా తీసుకున్నారు, కెమెరా పట్టుకున్నవాడు ఆ షాట్‌లో ఉండడు, అంతే. దానికి డాక్యుమెంటరీ ఆస్కార్ వచ్చింది!

నీ సంగతికొస్తే, లైటింగ్ నువ్వు చెయ్యి, ఆపరేటింగ్, అంటే షాట్‌లో కెమెరా నడపడం, వేరేవాళ్లకివ్వు. నీ చోట ఒకణ్ని నిలబెట్టి, ముఖం దగ్గర వెలుగు కొలిచే మీటర్‌తో రీడింగ్ తీసుకుని, నువ్వు నిలబడాల్సిన చోట నేల మీద టేపు అంటించు. లెన్స్‌లోకి వెలుగెంత రావాలో చూసే అపర్చర్‌ని ఇక ముట్టుకోకు. యాక్షన్ అన్నాక నువ్వు నటుడివే. మా యూనిట్‌లో ఓ కుర్రాడు డైలాగ్ మధ్యలో మబ్బు పట్టిందని పైకి చూశాడు. ఎడిటర్ ఆ చూపును ప్రేమ కింద వాడేసుకున్నాడు, అది వేరే కథ.

పోరూర్ చంటి:
నార్వే దాకా ఎందుకు బాబాయ్? మన చెన్నైలో నట్టి లేడూ? ‘జబ్ వుయ్ మెట్’కి కెమెరా ఆయనే, ‘చతురంగ వేట్టై’లో హీరో ఆయనే. కానీ ఆ రెండో దానికి కెమెరా వేరే ఆయన చేశాడు. అదీ తెలివంటే.

కోడంబాక్కం అసిస్టెంట్:
ఆపరేటర్ దొరికేలా ఉన్నాడు. నా బదులు నిలబడటానికి రూమ్మేట్ రెడీ, కానీ నాకంటే జానెడు పొడుగు.

ఫోకస్ బాబాయ్:
కాళ్లు ఎడంగా పెట్టి నిలబడమను. ఒంటి రంగు నీకు దగ్గరగా ఉందా లేదా, అది చూసుకో ముందు.