బారీ గోల్డ్‌వాటర్ 1964లో వేసిన ఓటు: సిద్ధాంత నిష్ఠా, దక్షిణాది ఓట్ల లెక్కా?

పినాకిని:

అమెరికా సెనేట్ 1964 జూన్ 19న జాతి వివక్షను నిషేధించే పౌర హక్కుల బిల్లును 73–27 ఓట్లతో ఆమోదించింది. రిపబ్లికన్ సభ్యులలో 27 మంది బిల్లు వైపు నిలవగా, ఆరుగురు మాత్రమే వ్యతిరేకించారు. ఆ ఆరుగురిలో ఒకరైన ఆరిజోనా సెనేటర్ బారీ గోల్డ్‌వాటర్‌నే నెల తిరగకముందు శాన్‌ఫ్రాన్సిస్కో మహాసభలో ఆ పార్టీ అధ్యక్ష పదవికి అభ్యర్థిగా ఎన్నుకున్నది. నవంబరులో ఆయనకు దక్కినవి ఆరు రాష్ట్రాలే: సొంత రాష్ట్రం ఆరిజోనాతో పాటు దక్షిణాదిలోని మిసిసిపీ, అలబామా, లూసియానా, జార్జియా, సౌత్ కరోలినా. ఈ ఫలితాన్ని చూసి, ఆ ఓటు దక్షిణాది శ్వేతజాతీయులకు వేసిన ఎర అని చాలామంది తేల్చివేస్తారు. అది తొందరపాటు తీర్పు అని నా అభిప్రాయం.

పోలండ్ నుంచి వలస వచ్చిన యూదు వ్యాపారి మనుమడైన గోల్డ్‌వాటర్, ఫీనిక్స్‌లోని కుటుంబ దుకాణాన్ని నడిపి, రెండవ ప్రపంచ యుద్ధంలో ఇండియా దాకా సరకుల విమానాలు నడిపి వచ్చిన మనిషి. 1946లో ఆరిజోనా ఎయిర్ నేషనల్ గార్డ్‌ను నెలకొల్పినప్పుడు అందులో నల్లవారిని, తెల్లవారిని వేరు చేయలేదు. సైన్యమంతటా ఆ వివక్ష పోవాలని అధ్యక్షుడు ట్రూమన్ ఉత్తర్వు ఇచ్చినది ఆ తరువాత రెండేళ్లకు. నల్లజాతీయుల హక్కుల సంస్థ ఎన్‌ఏఏసీపీ ఫీనిక్స్ శాఖలో ఆయన సభ్యుడు. 1957, 1960 పౌర హక్కుల చట్టాలకు ఓటు వేశారు. ఫెడరల్ ఎన్నికలలో ఓటు వేయడానికి పన్ను కట్టాలనే షరతును తొలగించిన 24వ రాజ్యాంగ సవరణను కూడా సమర్థించారు. 1964లో ఆయన అభ్యంతరం ప్రధానంగా రెండు అధ్యాయాల మీద: హోటళ్లు, భోజనశాలల వంటి ప్రైవేటు వ్యాపారాలలో వివక్షను నిషేధించే రెండవ అధ్యాయం, ఉద్యోగాలలో వివక్షను నిషేధించే ఏడవ అధ్యాయం. ప్రైవేటు యజమానిని శాసించే అధికారాన్ని రాజ్యాంగం కేంద్రానికి ఇవ్వలేదని ఆయన వాదన. ఆ వాదన తప్పు కావచ్చును గాని, అది నటన మాత్రం కాదు.

ఉద్దానం:

పినాకిని గారూ, మీరు చెప్పిన వాస్తవాలలో దేనినీ నేను కాదనను. మీరు విడిచిపెట్టినవి మాత్రం కొన్ని ఉన్నాయి. 1961లో అట్లాంటాలో పార్టీ వారితో మాట్లాడుతూ, రాబోయే ఎన్నికలలో నల్లజాతీయుల ఓట్లు మూకుమ్మడిగా మనకు రావు గనుక బాతులు ఎక్కడ ఉంటే అక్కడికే వేటకు పోవాలన్నది గోల్డ్‌వాటరే. బిల్లు సభకు రాకముందే వేటస్థలం నిర్ణయమైందన్నమాట. 1960లో ఆయన పేరుతో వెలువడిన పుస్తకంలో, తెల్ల, నల్ల పిల్లలు కలిసి చదవడం మంచిదేనంటూనే, బడులలో వేర్పాటును కొట్టివేసిన 1954 నాటి సుప్రీంకోర్టు తీర్పుకు రాజ్యాంగంలో ఆధారం లేదని, కేంద్రం ఆ మార్పును రాష్ట్రాల మీద రుద్దరాదని ఉన్నది. అంటే మనసు ఒకవైపు, సిద్ధాంతం మరొకవైపు. దక్షిణాదికి వినిపించినది రెండవది మాత్రమే.

మిసిసిపీలో ఆయనకు 87 శాతం ఓట్లు వచ్చాయి. ఓటు హక్కు వయసు వచ్చిన నల్లవారిలో పదింట ఒక వంతైనా ఓటర్ల జాబితాలో లేని రాష్ట్రం అది. అంతకుముందు ఏ అధ్యక్ష ఎన్నికలోనూ రిపబ్లికన్ అభ్యర్థిని గెలిపించని జార్జియా ఆయనకు పట్టం కట్టింది. నల్లవారిని, తెల్లవారిని వేరుగా ఉంచాలనే వాదానికి పెద్ద గొంతుగా పేరు పడిన సౌత్ కరోలినా సెనేటర్ స్ట్రామ్ థర్మండ్ ఆ సెప్టెంబరులో డెమొక్రటిక్ పార్టీని వదలి, గోల్డ్‌వాటర్ కోసమే రిపబ్లికన్ అయ్యాడు. ఇవన్నీ ఆయనకు తెలియకుండా జరిగినవి కావు.

కోర్టువీధి:

రాజ్యాంగ వాదనను పినాకిని గారు గౌరవంగా ప్రస్తావించి వదిలేశారు, ఉద్దానం గారు అసలు ముట్టుకోలేదు. చర్చ తేలవలసింది అక్కడే గనుక కొంచెం వివరంగా వ్రాస్తున్నాను.

ఆ వాదనకు పాత పునాది ఒకటి ఉన్నది. సత్రాలలో, నాటకశాలలలో, ప్రయాణ సాధనాలలో జాతి వివక్షను నిషేధిస్తూ 1875లో అమెరికా కాంగ్రెస్ (పార్లమెంటు) చేసిన చట్టాన్ని 1883లో సుప్రీంకోర్టు కొట్టివేసింది. చట్టం ముందు అందరికీ సమాన రక్షణ ఉండాలనే 14వ రాజ్యాంగ సవరణ రాష్ట్ర ప్రభుత్వాల చర్యలను కట్టడి చేస్తుందే గాని ప్రైవేటు వ్యక్తుల ప్రవర్తనను కాదన్నది ఆ తీర్పు. గోల్డ్‌వాటర్‌కు సలహా ఇచ్చిన న్యాయవాదులు సామాన్యులు కారు: ఒకరు తరువాతి కాలంలో ప్రధాన న్యాయమూర్తి అయిన విలియం రెన్‌క్విస్ట్, మరొకరు 1987లో సుప్రీంకోర్టుకు నామినేట్ అయి సెనేట్‌లో ఓడిపోయిన రాబర్ట్ బోర్క్. కాని 1964 నాటి బిల్లు 14వ సవరణ మీద మాత్రమే ఆధారపడలేదు. రాష్ట్రాల మధ్య జరిగే వాణిజ్యాన్ని నియంత్రించే అధికారం దానికి ప్రధానమైన ఊతం. ఒక రైతు తన పొలంలో తన అవసరానికి పండించుకున్న గోధుమ కూడా ఆ అధికారం కిందికి వస్తుందని సుప్రీంకోర్టు 1942లోనే చెప్పింది. ఆ తీర్పు వచ్చిన ఇరవై రెండేళ్లకు, హైవేల పక్కనుండే హోటల్ ఆ పరిధిలోకి రాదని వాదించడం చాలా కష్టం.

అనుకున్నట్టే జరిగింది. నల్లజాతి అతిథులకు గదులు ఇవ్వని అట్లాంటాలోని 216 గదుల మోటల్ ఒకటి కోర్టుకు వెళ్లగా, 1964 డిసెంబర్ 14న న్యాయమూర్తులందరూ ఏకగ్రీవంగా చట్టాన్ని నిలబెట్టారు. దాని అతిథులలో సుమారు నాలుగింట మూడు వంతులు ఇతర రాష్ట్రాల వారే. బర్మింగ్‌హామ్‌లోని భోజనశాల ఒకటి తన కస్టమర్లు స్థానికులేనని వాదిస్తే, అది వండే మాంసం ఇతర రాష్ట్రాల నుంచి వస్తున్నదని గుర్తుచేసి అదే రోజు దాని వాదననూ కోర్టు త్రోసిపుచ్చింది. కాబట్టి గోల్డ్‌వాటర్‌ది నిజాయితీ గల రాజ్యాంగ వాదనే అయినా, ఆరు నెలలు తిరగకముందు ఒక్క న్యాయమూర్తి ఓటునైనా సంపాదించలేనంత బలహీనమైన వాదన. బోర్క్ కూడా 1973లో తన పాత అభిప్రాయాన్ని విరమించుకున్నారు.

ప్రైవేటు దుకాణం గుమ్మం దగ్గర రాజ్యాంగం ఆగిపోవాలన్నది ప్రకృతి నియమమేమీ కాదు. దుకాణాలలో, హోటళ్లలో కులమతాల పేరిట ఎవరినీ అడ్డుకోరాదని మన రాజ్యాంగం 15వ అధికరణంలోనే, ప్రైవేటు వ్యక్తులకు కూడా వర్తించేలా, 1950లోనే వ్రాసుకున్నాం.

నల్లమల:

ఏడవ అధ్యాయం జాతి, రంగు, మతం, లింగంతో పాటు పుట్టిన దేశాన్ని బట్టి చూపే వివక్షను కూడా నిషేధిస్తుంది. అమెరికాలో ఉద్యోగం చేస్తూ గోల్డ్‌వాటర్ సిద్ధాంత నిష్ఠను మెచ్చుకునే మన తెలుగువారు, తమను కాపాడుతున్నది ఆయన వద్దన్న అధ్యాయమేనని గమనించడం మంచిది.

పినాకిని:

కోర్టువీధి గారి వివరణకు కృతజ్ఞతలు. అయితే వాదన ఓడిపోవడం వేరు, వాదించినవాడికి దురుద్దేశం ఉండడం వేరు. ఉద్దానం గారు చెప్పిన బాతుల వేట మాట నిజమే. ఆ వేటగాడే 1964 జూలై 24న శ్వేతసౌధంలో అధ్యక్షుడూ, ఎన్నికలలో తన ప్రత్యర్థీ అయిన జాన్సన్‌ను కలిసి, జాతి విద్వేషాన్ని ఎన్నికల అస్త్రంగా వాడరాదనే అవగాహనకు వచ్చాడు. అక్టోబరులో తన మద్దతుదారులు అల్లర్ల దృశ్యాలతో తీసిన ప్రచార చిత్రాన్ని జాతి విద్వేషంతో కూడినదని చెప్పి ఆపించాడు. ఓట్లే లెక్క అయితే ఆ చిత్రం దక్షిణాదిలో ఆయనకు పనికివచ్చేదే.

తరువాతి జీవితమూ ఆ స్వభావాన్నే చూపుతుంది. 1974 ఆగస్టు 7న మరి ఇద్దరు రిపబ్లికన్ నాయకులతో కలిసి వెళ్లి, సెనేట్‌లో మీకు మద్దతు మిగలలేదని వాటర్‌గేట్ కుంభకోణంలో చిక్కుకున్న తన పార్టీ అధ్యక్షుడు నిక్సన్‌కు ముఖం మీదనే చెప్పాడు. 1981లో మత సంస్థలు తన పార్టీని శాసించాలని చూస్తే సెనేట్‌లోనే బహిరంగంగా ఎదిరించాడు. 1993లో స్వలింగ సంపర్కులను సైన్యంలో చేర్చుకోవాలని వ్రాశాడు. ప్రభుత్వం మనిషి జోలికి పోరాదన్న ఒకే సూత్రం ఈ చివరి రెండింటిలోనూ, 1964 ఓటులోనూ ఉన్నది.

ఉద్దానం:

1993లో వ్రాసిన వ్యాసం 1964 ఓటుకు సాక్ష్యం చెప్పజాలదు; అప్పటికి ఆయన సెనేట్ వదలి ఆరేళ్లు దాటింది. ఆ ఓటు కాలానికి చెందిన సాక్ష్యం ఒకటి ఉన్నది. గోల్డ్‌వాటర్ స్వయంగా జాతి విద్వేషి కాకపోయినా, ఆయన సిద్ధాంతం విద్వేషులకు ఊరటను, ఆసరాను ఇస్తున్నదని ఆ జూలైలోనే మార్టిన్ లూథర్ కింగ్ ప్రకటించారు. మనం ఇక్కడ ఇంతసేపు వాదించుకుంటున్న రెండు పక్షాలూ ఆ ఒక్క మాటలో ఇమిడి ఉన్నాయి. వివక్షను రాష్ట్రాలే సరిదిద్దుకోవాలంటే, వివక్షకు గురైనవారికి ఆ రాష్ట్రంలో ఓటు ఉండాలి. మిసిసిపీలో అది లేదని గోల్డ్‌వాటర్‌కు తెలుసు.

కోర్టువీధి:

ఇంకొక లెక్క చూడండి. తుది ఓటింగుకు ముందు, జూన్ 10న, దక్షిణాది సభ్యులు నెలల తరబడి సాగదీసిన చర్చను ముగించడానికి ఓటింగు జరిగి 71–29తో తీర్మానం నెగ్గింది. గోల్డ్‌వాటర్ అక్కడ కూడా వ్యతిరేకంగానే ఓటు వేశారు. యూటాకు చెందిన బెన్నెట్, నార్త్ డకోటాకు చెందిన యంగ్ అనే ఇద్దరు రిపబ్లికన్లు చర్చను ముగించడాన్ని వ్యతిరేకించి, తరువాత బిల్లును మాత్రం సమర్థించారు. న్యూ హాంప్‌షైర్ సభ్యుడు కాటన్, అయోవా సభ్యుడు హికెన్‌లూపర్ చర్చ ముగింపును సమర్థించి, బిల్లును వ్యతిరేకించారు. పద్ధతి వేరు, విషయం వేరు అని ఈ నలుగురూ చూపగలిగారు. రెండు అధ్యాయాలే అభ్యంతరమైనవాడు బిల్లు ఓటింగుదాకా రావడాన్ని కూడా ఎందుకు అడ్డుకోవాలి?

పినాకిని:

జనాభా తక్కువైన పశ్చిమ రాష్ట్రాల సభ్యులు సుదీర్ఘ చర్చను తమ ఆయుధంగా భావించేవారు. ఆరిజోనాకే చెందిన డెమొక్రాట్ కార్ల్ హేడెన్ కూడా ఆ రోజు చర్చ ముగింపుకు వ్యతిరేకంగానే ఓటు వేశారు.

కోర్టువీధి:

వేశారు. కాని అవసరమైన 67 ఓట్లు వచ్చేదాకా సభ బయట వేచి ఉండి, తన ఓటు అక్కరలేదని తేలాకే లోపలికి వచ్చి వ్యతిరేకంగా వేశారు. తొమ్మిది రోజుల తరువాత బిల్లుకు అనుకూలంగా వేశారు.