శ్రీలంకకు సైన్యం: జనాన్ని అడిగి ఉంటే ఏమయ్యేది?

తెల్ల కాగితం:
1987 జులై 29న కొలంబోలో రాజీవ్ గాంధీ, శ్రీలంక అధ్యక్షుడు జయవర్ధనే ఒప్పందం మీద సంతకాలు పెట్టారు. మర్నాడే మన సైన్యం జాఫ్నా ప్రాంతంలో దిగింది. పేరు శాంతి పరిరక్షక దళం. అక్టోబరు రెండో వారానికల్లా అక్కడి తమిళ సాయుధ సంస్థ ఎల్‌టీటీఈతో యుద్ధంలో ఉంది. 1990 మార్చిలో ఆఖరి ఓడ ట్రింకోమలీ వదిలేసరికి చనిపోయిన మన సైనికులు సుమారు 1,200 మంది. ఇంత పెద్ద నిర్ణయానికి ముందు పార్లమెంటులో ఓటింగ్ జరగలేదు, జరగాలన్న నిబంధన మన రాజ్యాంగంలో లేదు కూడా. ఉండాలంటాను నేను. ఇంట్లోవాళ్లకే ఎందుకో తెలియని యుద్ధాన్ని పొరుగు గడ్డ మీద ఎన్నాళ్లు లాగగలం?

నిఖార్సు:
ఓటింగ్ పెడితే ఏం ఒరిగేదండి? 1984లో కాంగ్రెస్‌కు వచ్చినవి 400 పైన సీట్లు. మూజువాణి ఓటుతో ఐదు నిమిషాల్లో అయిపోయేది. ఆ తర్వాత "మీరే కదా సరే అన్నారు" అని ప్రతిపక్షం నోరు కూడా మూయించేవాళ్లు.

తెల్ల కాగితం:
ఓటింగ్ అంటే చేతులెత్తడం ఒక్కటే కాదు కదా. ఎందుకు, ఎన్నాళ్లు, తిరిగి ఎప్పుడు అని సభలో అడుగుతారు. ఆ జవాబులు రికార్డులో ఉండిపోతాయి. అమెరికాలో 1973 చట్టం ప్రకారం అధ్యక్షుడు సైన్యాన్ని పోరులోకి దింపితే 48 గంటల్లో కాంగ్రెస్‌కు, అంటే అక్కడి పార్లమెంటుకు, చెప్పాలి. అనుమతి రాకపోతే 60 రోజుల్లో ఆపాలి.

నిఖార్సు:
ఆ చట్టాన్ని అక్కడి అధ్యక్షులు ఎంత ఖాతరు చేశారో కూడా రాయండి. మీరు అమెరికా అన్నారు కాబట్టి అక్కడిదే చెబుతా. 1964 ఆగస్టులో టోంకిన్ తీర్మానం. వియత్నాంలో ఏం చేసుకుంటావో చేసుకో అని అధ్యక్షుడు జాన్సన్ చేతికి తాళాలిచ్చేశారు. ప్రతినిధుల సభలో 416-0. సెనేట్‌లో 88-2. ఆ వద్దన్న ఇద్దరు, మోర్స్, గ్రూనింగ్, 1968లో పదవులు పోగొట్టుకున్నారు. సరిగ్గా అదే ఏడాది గాలప్ సర్వే వాళ్లు అడిగితే సైన్యాన్ని పంపడం పొరపాటేనని సగం మందికి పైగా అన్నారు. ముందే చెప్పినవాళ్లు ఇంటికి, ఆలస్యంగా తెలుసుకున్నవాళ్లు "ప్రజాభిప్రాయం". ఈ జనం మాట వినాలా?

పాత రేడియో:
ఆ రోజుల్లో జనాభిప్రాయం అనేదే లేదు బాబూ. దూరదర్శన్, ఆకాశవాణి, రెండూ సర్కారువే. అప్పుడు ఊరంతా బోఫోర్స్ గోల. లంక సంగతి వార్తల్లో రెండు వాక్యాలు, ఆ తర్వాత వాతావరణం.

హవల్దార్ గారి అబ్బాయి:
ఎప్పుడూ చదివి ఊరుకుంటాను, ఈసారి రాయక తప్పడం లేదు. ముందుగా వెళ్లింది సికింద్రాబాద్‌లో ఉండే 54వ డివిజన్. మా నాన్న అందులో సిగ్నల్స్ హవల్దారు. "ఎన్నాళ్లు లాగగలం" అంటూ ఇక్కడ లెక్కలేస్తున్నారే, అప్పట్లో మా ఇంట్లో లెక్క ఉత్తరాలది. పదిహేను రోజులకో, ఇరవై రోజులకో ఒకటి. దాని మీద ఊరి పేరుండదు, ఏపీఓ (సైన్యం పోస్టాఫీసు) ముద్ర తప్ప. "ఇక్కడ అంతా క్షేమం" అని మొదటి వాక్యం. అమ్మ ఆ వాక్యం వదిలేసి కింద సంతకం చూసేది, చెయ్యి వణికిందా లేదా అని.

జాఫ్నా యూనివర్సిటీ మైదానంలో రాత్రిపూట హెలికాప్టర్లలోంచి దిగిన 13 సిఖ్ లైట్ ఇన్‌ఫాంట్రీ వాళ్లు 30 మంది. 29 మంది పోయారు. అవతలి వైర్‌లెస్ సెట్ పలకడం మానేసిందని నాన్న జీవితంలో ఒక్కసారే చెప్పాడు, ఆ తర్వాత లేచి పెరట్లోకి వెళ్లిపోయాడు.

మద్రాసు రేవుకు ఓడలొస్తే ముఖ్యమంత్రి కరుణానిధి స్వాగతానికి వెళ్లనన్నాడు. నాన్న రైల్లో సికింద్రాబాద్ దిగాడు. ట్రంకు పెట్టె నెత్తికెత్తుకున్న కూలీ "ఎక్కణ్ణించి సార్?" అన్నాడట. శ్రీలంక అన్నాడు నాన్న. "అక్కడ మనకేం పని?" అన్నాడట ఆ కూలీ. నాన్న చచ్చిపోయేదాకా ఆ మాట మర్చిపోలేదు. అదీ మీ జనం మద్దతు.

సన్నజాజి:
చదువుతుంటే గుండె బరువెక్కిందండి. నాన్నగారికి నమస్కారం.

నిఖార్సు:
నమస్కారమే. కానీ ఒక్క మాట. తమిళనాడు మొత్తం వ్యతిరేకించిందన్నట్టు చెబుతారు అందరూ. 1989 నవంబరు లోక్‌సభ ఎన్నికలకు మన సైన్యం ఇంకా అక్కడే ఉంది. తమిళనాడులో 39 సీట్లకు 38 కాంగ్రెస్, అన్నాడీఎంకే కూటమికే వచ్చాయి. ఆంధ్రప్రదేశ్‌లో 42కి 39 కాంగ్రెస్‌వే. యుద్ధానికి దగ్గరగా ఉన్న రాష్ట్రాలే సైన్యాన్ని పంపినాయన పార్టీకి ఓటేశాయి. దీనికెవరైనా జవాబు చెప్పండి.

తెల్ల కాగితం:
మన దగ్గర ఆ ఓటు ఎన్టీఆర్ మీద కోపం. అక్కడ పొత్తు లెక్క. లంక పేరు మీద ఎవరు ఓటేశారండీ? ఎవరూ అడగని ప్రశ్నకు ఫలితాల్లో జవాబు వెతికితే ఎలా?

అబ్బాయి గారూ, మీ నాన్నగారి మీద గౌరవంతోనే అంటున్నా. ఆ కూలీ అడిగిన దాంట్లో తప్పేముంది? నేను మొదట రాసిందీ అదే ప్రశ్న.

హవల్దార్ గారి అబ్బాయి:
తప్పేముందా? రెండున్నరేళ్లు చావుకు ఎదురెళ్లొచ్చిన మనిషిని స్టేషన్లో నిలబెట్టి అడిగే ప్రశ్నా అది? పంపినవాణ్ణి అడగండి. ఢిల్లీ వెళ్లి అడగండి. ఏసీ గదిలో కూర్చుని టైపు చేసేవాళ్లకు ట్రంకు పెట్టె బరువేం తెలుస్తుంది?

తెల్ల కాగితం:
నా గది సంగతి మీకెందుకు? పంపినవాణ్ణి అడిగితే ఏమవుతుందో నాకు బాగా తెలుసు. 1999లో, కార్గిల్ జరుగుతుండగా, ఆఫీసులో భోజనాల దగ్గర ఒక్క మాటన్నాను. "అంత మంది కొండలెక్కి బంకర్లు కట్టుకునేదాకా మనవాళ్లు ఎందుకు చూడలేదు?" అంతే. మర్నాటి నుంచి నా టేబుల్‌కి ఎవరూ రాలేదు. ఒకాయన మొహం మీదే దేశద్రోహి అన్నాడు. ఆ ఏడాది రావాల్సిన ప్రమోషన్ రాలేదు. నేనడిగిన ప్రశ్ననే ఆ జులైలో ప్రభుత్వం వేసిన కార్గిల్ రివ్యూ కమిటీ అడిగింది. ప్రతి యుద్ధంలోనూ ఇదే తంతు. జరుగుతున్నప్పుడు అడిగితే ద్రోహం, అయ్యాక అడిగితే అవమానం. మరెప్పుడు అడగాలి నేను?

గడ్డిపూలు:
కార్గిల్ మన భూమి. విదేశం కాదు. టాపిక్ చూసుకోండి.

తెల్ల కాగితం:
భూమి ఎవరిదన్నది కాదు నేను చెప్పేది.

గడ్డిపూలు:
అదే చెప్పాలి. సొంతింట్లో దొంగ పడితే ఓటింగ్ పెట్టరు. పక్కింటికి వెళ్లేటప్పుడు పెట్టొచ్చేమో. రెండూ ఒకటి కాదు.

పాత రేడియో:
2003లో ఇరాక్‌కు సైన్యం పంపమని అమెరికా అడిగింది. ఐక్యరాజ్యసమితి స్పష్టమైన అనుమతి లేదు కాబట్టి పంపలేమని జులై 14న వాజ్‌పేయి ప్రభుత్వం చెప్పేసింది. అప్పటికి ఇళ్లలో ప్రైవేటు చానళ్లున్నాయి, జనం చూస్తున్నారు, వద్దంటున్నారు. లంక నాడు అవి ఉండుంటే కథ వేరు.

నిఖార్సు:
టీవీ ఉంటే జనం యుద్ధం వద్దంటారా? అదే 2003 మార్చిలో అమెరికాలో చేతిలో రిమోట్ ఉన్న జనంలో పదిమందిలో ఏడుగురు ఇరాక్ యుద్ధానికి సై అన్నారు. రెండేళ్లకు మాట మారింది. 38, 39 సీట్ల సంగతి మాత్రం దాటేస్తున్నారు.

హవల్దార్ గారి అబ్బాయి:
ప్రమోషన్ పోయిందట, పాపం. నువ్వు పోగొట్టుకుంది ప్రమోషనయ్యా, 1,200 ఇళ్లలో పోయింది మనుషులు. దీనికీ దానికీ పోలికా? సిగ్గుండాలి.

తెల్ల కాగితం:
"నువ్వు" దాకా వచ్చావా. సరే. ఆ 1,200 మందిని తలచుకుని బాధపడే హక్కు నీ ఒక్కడి సొత్తా? నీలాంటి వాళ్లు ప్రశ్నను గుమ్మం దగ్గరే కొట్టి పంపడం వల్లే అంతమంది పోయారు.

మోడరేటర్:
ఇద్దరూ ఆగండి. రెండు పోస్టుల్లో కొన్ని మాటలు తీసేశాం. మళ్లీ జరిగితే ఈ చర్చ మూసేస్తాం.

సన్నజాజి:
ఒకటి అడగనా అబ్బాయి గారూ. ఆ కూలీకి నాన్నగారు ఏం జవాబు చెప్పారు?

హవల్దార్ గారి అబ్బాయి:
నిన్న రాత్రి నుంచి రాయాలా వద్దా అనుకుంటున్నాను.

ఏమీ చెప్పలేదు. ఇవ్వాల్సిన దానికన్నా రెండు రూపాయలు ఎక్కువిచ్చి వచ్చేశాడు. ఆ మాట ఎందుకు మర్చిపోలేకపోయాడంటే, జాఫ్నాలో ఒక ముసలావిడ కూడా అదే అడిగిందట. ఇంట్లో సోదా చేస్తుంటే, గుమ్మంలో కూర్చుని, తమిళంలో. నాన్నకు తమిళం కొద్దిగా వచ్చు. తర్జుమా చేయమని ఆఫీసరు అడిగితే, అర్థం కాలేదు సార్ అన్నాడట. దిగిన కొత్తలో దండలేసిన ఊళ్లవి, మూడు నెలలు తిరక్కుండానే అలా అడిగాయి. సింహళీయులకు మొదటి నుంచీ ఇష్టం లేదు. కాబట్టి, తెల్ల కాగితం గారూ, ఆ ప్రశ్న మా ఇంట్లో లేదనుకోకండి. మీకంటే ముందు నుంచీ ఉంది.

కానీ అది నాన్న అడగొచ్చు. అమ్మ అడగొచ్చు. మీరడిగితే మాత్రం నాకు ఆయన వెళ్లింది దండగ అన్నట్టే వినిపిస్తుంది. ఏం చేయను?

తెల్ల కాగితం:
"సిగ్గుండాలి" అన్నదాన్ని పట్టించుకోను. నా మాట కూడా వెనక్కి తీసుకుంటున్నా, "నీలాంటి వాళ్లు" అన్నది.

మిగతాది తీసుకోను. వెళ్లినవాళ్ల ఇళ్లవాళ్లే అడగాలంటే, మీరు బాధతో అడగలేరు, మేం అర్హత లేక అడగలేం. పంపేవాడికి అంతకన్నా ఏం కావాలి? మీకు జనం మద్దతంటే వెళ్లొచ్చినవాడి మెడలో వేయాల్సిన దండ. నాకు అది పంపేవాడి చేతికిచ్చే సంతకం. దండ మీ నాన్నగారికి వేయాల్సిందే, ముప్పై ఏళ్లు ఆలస్యమైనా. సంతకం మాత్రం అడక్కుండా పెట్టను.

హవల్దార్ గారి అబ్బాయి:
దండ అక్కర్లేదు. నాన్న లేడు.

సంతకం సంగతి ఆలోచిస్తాను. మా అబ్బాయి సైన్యంలో ఆఫీసరు కావడానికి ఎన్‌డీఏ పరీక్ష రాశాడు ఈ ఏడాది.

పాత రేడియో:
రాసినవాడికి ఆశీస్సులు బాబూ.

నిఖార్సు:
39కి 38 గురించి ఇప్పటికీ ఎవరూ సరైన జవాబు చెప్పలేదు.