అప్‌డేట్: తాత్కాలిక ప్రమోషన్ రద్దయితే జీతం సంగతి

ఎస్జీటీని (సెకండరీ గ్రేడ్ టీచర్‌ను) తాత్కాలికంగా స్కూల్ అసిస్టెంట్‌ను చేసి, తర్వాత రివర్ట్ చేసి (పాత పోస్టుకు వెనక్కి పంపి), ఆ కాలపు జీతం ఆపితే ఏం చేయాలని అడిగాను. తేలింది ఇది. 1996 ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర, సబార్డినేట్ సర్వీసు నిబంధనల్లోని రూల్ 10(ఎ) కింద ఇచ్చే తాత్కాలిక ప్రమోషన్‌తో పోస్టుపై హక్కు రాదు. కానీ రివర్షన్‌ను శిక్షగా వేస్తే రాజ్యాంగంలోని 311(2) అధికరణ ప్రకారం విచారణ తప్పనిసరి. ధింగ్రా కేసులో (1957) సుప్రీంకోర్టు చెప్పిందీ ఇదే. అందుకే ముందు రివర్షన్ ఆర్డర్‌లోని మాటలు చూడాలి.

జీతం వేరే పోరాటం. పని చేయించుకుని డబ్బు ఆపడం అన్యాయం! ప్రమోషన్ ఆర్డర్, జాయినింగ్ రిపోర్టు, హాజరు పట్టీ నకళ్లు, సర్వీసు రిజిస్టర్ పేజీ జతచేసి డీఈవోకు (జిల్లా విద్యాశాఖ అధికారికి) అర్జీ ఇచ్చి, రసీదు తీసుకోవాలి. స్పందన లేకుంటే నేరుగా హైకోర్టులో రిట్ పిటిషన్ వేయాలి. ఎందుకంటే ఉద్యోగుల సర్వీసు కేసులు వినే అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రెండింటిలోనూ ఇప్పుడు లేదు. పొరపాటున ఎక్కువ ఇచ్చామని రికవరీకి దిగితే సుప్రీంకోర్టు రఫీక్ మసీ తీర్పు (2014) చూపించాలి: ఐదేళ్లకు మించి చెల్లిస్తూ వచ్చిన మొత్తాన్ని వెనక్కి లాక్కోకూడదు.