ఇంటి పాత కాగితాల్లో ‘తెల్లవాళ్ళకే’ అని ఉంది, సంతకం పెట్టొచ్చా?

వానలో_సియాటిల్:
సియాటిల్ ఉత్తరాన 1940ల నాటి ఇల్లు కొంటున్నాం. వచ్చే వారమే క్లోజింగ్, అంటే సంతకాలు పెట్టి ఇల్లు మా పేరు మీదికి మార్చుకోవడం. టైటిల్ కాగితాల్లో టైపు మిషన్ మీద కొట్టిన పాత పేజీ ఒకటి దొరికింది. ఈ స్థలంలో తెల్లజాతి వాళ్ళు తప్ప ఎవరూ ఉండకూడదట. యజమాని ఇంట్లో పనిచేసే నౌకర్లైతే మాత్రం ఫర్వాలేదట. మమ్మల్ని చూడ్డానికొచ్చిన అమ్మకి చదివి చెప్తే, "అంట్లు తోముతానంటే ఉండనిస్తారన్నమాట" అని నవ్వింది. నాకేమో రాత్రంతా నిద్రలేదు. ఏజెంట్ "అది చెల్లదులే" అని తేల్చేశాడు. సంతకం పెడితే ఒప్పుకున్నట్టేనా? ఇంతకీ అప్పట్లో మనవాళ్ళు ఏ జాతి లెక్కలోకి వచ్చేవాళ్ళు?

థీసిస్_ఎప్పటికో:
టెన్షన్ పడకండి. ఇలాంటి షరతుల్ని కోర్టులు అమలు చేయకూడదని 1948లోనే షెల్లీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 1968 ఫెయిర్ హౌసింగ్ చట్టంతో పూర్తిగా పోయాయి. మన వాషింగ్టన్ రాష్ట్రంలో కౌంటీ రికార్డర్ (ఆస్తి కాగితాలు నమోదు చేసే ఆఫీసు) దగ్గర, ఈ షరతు చెల్లదని ఒక కాగితం ఫీజు లేకుండా నమోదు చేయించుకోవచ్చు.

ఇక జాతి సంగతి (నేను చదివేది ఇదే, కాస్త ఓపిక పట్టండి). భగత్ సింగ్ థిండ్ అని పంజాబీ సిక్కు, మొదటి ప్రపంచయుద్ధంలో అమెరికా సైన్యంలో పనిచేశాడు. అప్పట్లో ఆసియా నుంచి వచ్చినవాళ్ళకి పౌరసత్వం కావాలంటే తెల్లవాళ్ళ లెక్కలోకి రావాలి. అప్పటి మానవశాస్త్రం ప్రకారం నేను కాకేసియన్‌నే, పౌరసత్వం ఇవ్వండి అన్నాడు. ‘తెల్లవాడు అంటే కాకేసియన్’ అని కొన్ని నెలల ముందే ఒక జపనీయుడి కేసులో చెప్పిన అదే సుప్రీంకోర్టు, 1923లో ఈయన దగ్గరికొచ్చేసరికి, శాస్త్రంతో పనిలేదు, మామూలు మనిషి తెల్లవాడని ఎవర్ని అనుకుంటాడో అదే లెక్క అంది! సెన్సస్‌లో 1920 నుంచి 1940 దాకా మనం ‘హిందూ’ జాతి, సిక్కులైనా ముస్లిములైనా సరే. 1970లో తెల్లవాళ్ళం. 1980లో ఆసియన్ ఇండియన్లం.

బే_ఏరియా_బాబాయ్:
ఆ తీర్పు తర్వాత, అప్పటికే పౌరసత్వం వచ్చినవాళ్ళకీ ఊడబెరికారు. శాన్‌ఫ్రాన్సిస్కోలో కొట్టు నడిపిన వైష్ణో దాస్ బగాయ్ అలా అన్నీ పోగొట్టుకుని 1928లో ప్రాణం తీసుకున్నాడు. అంతకుముందు బర్క్‌లీలో ఇల్లు కొని సామాన్లతో వెళ్తే, ఇరుగుపొరుగు లోపలికి పోనీకుండా తాళం వేసేశారు. ఇప్పుడు అదే ఊళ్ళో ఒక వీధికి ఆయన భార్య కళా బగాయ్ పేరు. రోజూ అటే వెళ్తుంటాను.

వానలో_సియాటిల్:
ఇలాంటి షరతులవల్ల నష్టపోయినవాళ్ళకి రాష్ట్రం డౌన్‌పేమెంట్ సాయం చేస్తోందని, అందులో ఆసియన్ ఇండియన్లూ ఉన్నారని ఫ్రెండ్ అన్నాడు. మనకి వస్తుందా?

థీసిస్_ఎప్పటికో:
రాదండీ. మీరో, మీ అమ్మానాన్నలో, తాతముత్తాతలో 1968 ఏప్రిల్‌కి ముందు ఈ రాష్ట్రంలో ఉండి ఉండాలి. మనం హెచ్‌1బీ మీద దిగిన బాపతు. అసలు దెబ్బ తిన్నది ముఖ్యంగా నల్లవాళ్ళు. అమెరికాలో మామూలు కుటుంబానికి ఇల్లే ఆస్తి కదా. 2022 ఫెడరల్ రిజర్వ్ సర్వేలో సగటు కాదు, సరిగ్గా మధ్యలో ఉన్న తెల్ల కుటుంబం ఆస్తి 2,85,000 డాలర్లు, నల్ల కుటుంబానిది 44,900.

కూకట్‌పల్లి_కుర్రాడు:
మీ అమ్మగారి జోకు బాగుంది. మా అపార్ట్‌మెంట్‌లో పనివాళ్ళు మెయిన్ లిఫ్ట్ ఎక్కకూడదని నోటీసు అంటించారు. అది ఈ ఏడాదే.

వానలో_సియాటిల్:
ఇండియాలో మా ఇంటి దగ్గరా అలాంటి నోటీసు ఉందండీ. కింద సంతకం అమ్మదే, కమిటీలో ఉంది. క్లోజింగ్ అయ్యాక అడుగుతా.