అప్‌డేట్: సర్టిఫికెట్ ఆఫ్ డిపాజిట్‌పై వచ్చే వడ్డీ లెక్క తేలింది

10,000 అసలును 5 శాతం రేటుతో మూడేళ్లపాటు సర్టిఫికెట్ ఆఫ్ డిపాజిట్‌లో (నిర్ణీత గడువుకు బ్యాంకులో పెట్టే డిపాజిట్‌లో) ఉంచితే రెండు క్యాలిక్యులేటర్లు వేర్వేరు వడ్డీలు ఎందుకు చూపుతున్నాయని అడిగాను. వివరించినవారికి మనఃపూర్వక కృతజ్ఞతలు. తేడా అంతా వడ్డీ అసలులో ఎంత తరచుగా కలుస్తుందన్న దానిలోనే ఉంది: ఏడాదికొకసారి కలిస్తే మొత్తం వడ్డీ 1,576.25 అవుతుంది, నెలనెలా కలిస్తే సుమారు 1,614.72 అవుతుంది. అయితే ప్రకటించిన 5 శాతం చక్రవడ్డీ ప్రభావాన్ని ముందే కలుపుకున్న వార్షిక రాబడి అయితే, వడ్డీ ఎన్నిసార్లు కలిసినా చివరికి వచ్చేది 1,576.25 మాత్రమే. నా పత్రంలో ఉన్నది వార్షిక రాబడే కాబట్టి ఆ అంకెనే తీసుకున్నాను. వడ్డీని మధ్యలో తీయకుండా ఉంచితేనే ఈ అంచనా నిలుస్తుంది. గడువుకు ముందే డబ్బు తీస్తే పడే జరిమానా నిబంధనను మాత్రం, రేటులోని చిన్న తేడాకన్నా ముఖ్యమని భావించి, సంతకానికి ముందే పూర్తిగా చదివాను.